విండోస్ యాక్టివేట్ అయింది సరే.. ఎన్నాళ్లకు?

సెకండ్ హ్యాండ్ ల్యాప్‌టాప్ కొనేటప్పుడు మనవాళ్లు బ్యాటరీ హెల్త్ చూస్తారు, ఎస్ఎస్‌డీ ఎన్ని గంటలు తిరిగిందో చూస్తారు, హింజ్ అటూ ఇటూ కదుపుతారు, తెల్ల స్క్రీన్ పెట్టి డెడ్ పిక్సెల్స్ వెతుకుతారు. విండోస్ దగ్గరకొచ్చేసరికి మాత్రం కింద కుడి మూలన "యాక్టివేట్ విండోస్" అనే వాటర్‌మార్క్ లేకపోతే చాలు, ఒరిజినలే అని ఫిక్సయిపోతారు. కానీ వాటర్‌మార్క్ లేదంటే ఈ రోజుకి యాక్టివేట్ అయి ఉందని మాత్రమే అర్థం. ఆరు నెలల తర్వాత సంగతి అది చెప్పదు. ఆ సంగతి చెప్పే కమాండ్ ఒకటి విండోస్‌లోనే ఉంది, పది సెకన్ల పని. దాని దగ్గరకు వెళ్లేముందు అసలు ఈ ప్రొడక్ట్ కీ అంటే ఏంటో కొంచెం తెలిస్తే మిగతాదంతా తేలిగ్గా ఎక్కుతుంది.

ఆ 25 అక్షరాల్లో ఏముంది?

విండోస్ 95 రోజుల్లో కీ చెకింగ్ అనేది దాదాపు జోక్. రిటైల్ సీడీ కీ అంటే ముందు మూడు అంకెలు, తర్వాత ఏడు అంకెలు. ఆ ఏడు అంకెల్ని కూడితే వచ్చే మొత్తం 7తో భాగింపబడితే చాలు, ఇన్‌స్టాలర్ ఒప్పుకునేది. అంటే అన్నీ ఒకట్లే కొట్టినా పనైపోయేది. ఇంటర్నెట్‌తో పనే లేదు, ఎవరినీ అడిగేది లేదు.

2001లో విండోస్ ఎక్స్‌పీతో ఆట మారింది. అయిదు అయిదు చొప్పున అయిదు గ్రూపులుగా ఉండే 25 అక్షరాల కీ లోపల క్రిప్టోగ్రఫీ సంతకం ఉండేది, దాని తర్వాత యాక్టివేషన్ అనే రెండో మెట్టు పెట్టడం అప్పటి సంగతే. విండోస్ 7 వరకు కీలో వాడిన అక్షరాలు మొత్తం 24 మాత్రమే. అచ్చులు లేవు, ఎందుకంటే అనుకోకుండా ఏ బూతుమాటో తయారవకూడదు కదా. సున్నా, ఓ అనే అక్షరం రెండూ లేవు. ఒకటి, ఐ, ఎల్ లేవు. అయిదు, ఎస్ లేవు. చూసి టైప్ చేసేటప్పుడు ఒకదాన్ని చూసి ఇంకొకటి అనుకునేవి చాలావరకు తీసేశారు. విండోస్ 8 నుంచి ఎన్ అనే అక్షరం కొత్తగా చేరింది. కాబట్టి స్టిక్కర్ మీద మసకబారిన అక్షరం ఓనా, సున్నానా అని బుర్ర బద్దలు కొట్టుకోకండి. రెండూ కాదు, అది క్యూనో డీనో అయ్యుంటుంది.

ఇక్కడ గుర్తుపెట్టుకోవాల్సింది ఆ రెండు మెట్ల సంగతి. మొదటిది, కీ సరైన పద్ధతిలో తయారైందా లేదా అని మీ కంప్యూటర్ తనంతట తానే, నెట్ లేకుండానే చూసుకుంటుంది. రెండోది, ఈ కీని ఎన్ని మెషీన్లలో వాడారు, బ్లాక్ చేశారా, ఈ హార్డ్‌వేర్‌కి ఇదివరకే లైసెన్స్ ఉందా అని మైక్రోసాఫ్ట్ సర్వర్ చూస్తుంది. ఎర్రర్ ఏ మెట్టు దగ్గర వచ్చిందో తెలిస్తే సగం ట్రబుల్‌షూటింగ్ అయిపోయినట్టే.

ఎక్స్‌పీ రాకముందే ఒక కంపెనీ వాల్యూమ్ కీ లీకై ప్రపంచమంతా తిరిగిన కథ మన సీనియర్లలో చాలామందికి గుర్తుండే ఉంటుంది. కంపెనీల కోసం ఇచ్చిన కీలకు అప్పట్లో రెండో మెట్టు లేదు. అందుకే అది అంతగా పాకింది. 2002లో వచ్చిన సర్వీస్ ప్యాక్ 1 దాన్ని బ్లాక్ చేసింది. ఆ తర్వాత విస్టాతో కంపెనీ మెషీన్లకు కూడా యాక్టివేషన్ తప్పనిసరి చేశారు. ఇవాళ మన బజార్లో జరుగుతున్న సగం మోసానికి మూలం ఆ కంపెనీ యాక్టివేషన్ పద్ధతే.

మీ దగ్గరున్నది ఏ రకం?

కొత్త ల్యాప్‌టాప్‌తో వచ్చేది ఓఈఎమ్ లైసెన్స్. విండోస్ 8 నుంచి ఆ కీని మదర్‌బోర్డ్ ఫర్మ్‌వేర్‌లోనే, ఎమ్ఎస్‌డీఎమ్ అనే టేబుల్‌లో రాసి పంపుతున్నారు. అందుకే కింద స్టిక్కర్ ఉండదు, ఫార్మాట్ చేసినా ఇన్‌స్టాలర్ కీ అడగదు. ఇది ఆ మెషీన్‌తోనే పుట్టి ఆ మెషీన్‌తోనే పోతుంది, ఇంకో కంప్యూటర్‌కి మార్చుకోలేరు. విడిగా డబ్బాలోనో ఆన్‌లైన్‌లోనో అసలు ధరకు కొనేది రిటైల్. దీన్ని పాత పీసీలోంచి తీసేసి కొత్తదానికి మార్చుకోవచ్చు, కాకపోతే ఒక టైమ్‌లో ఒక్క పీసీలోనే.

మూడోది వాల్యూమ్. ఇందులో మళ్లీ రెండు. ఎమ్ఏకే అంటే ఒకే కీ, ఇన్నిసార్లు అని కౌంట్ ఉంటుంది. కేఎమ్ఎస్ అంటే కంపెనీ లోపల ఒక సర్వర్ పెట్టుకుని, ఉద్యోగుల మెషీన్లన్నీ దాన్ని అడిగి యాక్టివేట్ అవుతాయి. ఈ యాక్టివేషన్ చెల్లేది 180 రోజులే. మెషీన్ మామూలుగా ఏడు రోజులకోసారి సర్వర్‌ని పలకరిస్తుంది, పలికితే మళ్లీ 180 నుంచి లెక్క మొదలు. ఆఫీస్ ల్యాప్‌టాప్ ఇంట్లో ఏడెనిమిది నెలలు వీపీఎన్ కలపకుండా పడేస్తే ఒకరోజు వాటర్‌మార్క్ కనిపించేది ఇందుకే. ఆఫీస్ నెట్‌వర్క్‌కి కలిపితే పోతుంది, ఐటీ వాళ్లకు టికెట్ వేయండి, మీరేమీ కెలకొద్దు.

విండోస్ 10తో డిజిటల్ లైసెన్స్ వచ్చింది. ఇక్కడ కీ అనేదే పెద్దగా ముఖ్యం కాదు. మీ హార్డ్‌వేర్ గుర్తు మైక్రోసాఫ్ట్ దగ్గర ఉంటుంది, ఆ మెషీన్ మళ్లీ వస్తే లైసెన్స్ ఇచ్చేస్తారు. దీనివల్ల ఒక తమాషా ఉంది. కీ ఫైండర్ అని నెట్‌లో దొరికే చిన్న యాప్‌తో తమ కీని చూసి డైరీలో జాగ్రత్తగా రాసుకున్నవాళ్లని చాలామందిని చూశా. డిజిటల్ లైసెన్స్ ఉన్న ప్రో మెషీన్‌లో అది చివర 3వీ66టీ అని, హోమ్‌లో అయితే 8హెచ్‌వీఎక్స్7 అని చూపిస్తుంది. మీకే కాదు, మీ పక్కింటాయనకూ అదే. అది అందరికీ కామన్‌గా వాడే జెనరిక్ కీ. దాంతో ఎడిషన్ మారుతుంది తప్ప ఏదీ యాక్టివేట్ అవ్వదు. దాన్ని భద్రపరచడం అంటే ఊరందరికీ ఒకే నంబర్ ఉన్న ఇంటి తాళాన్ని దాచుకున్నట్టే.

మా తమ్ముడి ల్యాప్‌టాప్

మా పిన్ని కొడుకు బీటెక్ ఫైనలియర్. రీఫర్బిష్డ్ బిజినెస్ ల్యాప్‌టాప్ ఒకటి ఒక షాపులో కొన్నాడు. విండోస్ లైఫ్‌టైమ్ జెన్యూన్ అన్నారట, దానికి బిల్లులో విడిగా డబ్బు కూడా వేశారు. కొన్న ఏడో నెలలో, ప్లేస్‌మెంట్ టెస్టుల సీజన్ నడుస్తుండగా, వాటర్‌మార్క్ వచ్చింది. షాపుకి తీసుకెళ్తే "యాంటీవైరస్ ఆపి మళ్లీ చేస్తాం, రెండొందలవుతుంది" అన్నారు. వాడు నాకు ఫోన్ చేసి, "అన్నయ్యా, విండోస్ కోసం యాంటీవైరస్ ఎందుకు ఆపాలి?" అని అడిగాడు. మంచి ప్రశ్న. వాణ్ని ఇంటికి రమ్మన్నాను.

ముందుగా చేసింది నేను మొదట్లో చెప్పిన ఆ చెక్. స్టార్ట్ మెనూలో కమాండ్ ప్రాంప్ట్ తెరిచి ఎస్ఎల్ఎమ్‌జీఆర్ అని కొట్టండి, ఒక స్పేస్ ఇచ్చి, స్లాష్ పెట్టి, దానికి ఆనుకుని ఎక్స్‌పీఆర్ అని కొట్టి ఎంటర్ నొక్కండి. చిన్న డబ్బా ఒకటి తెరుచుకుంటుంది. అందులో మెషీన్ పర్మనెంట్‌గా యాక్టివేట్ అయిందని ఉంటే అది గడువు లేని లైసెన్స్. వాల్యూమ్ యాక్టివేషన్ ఫలానా తేదీన ముగుస్తుంది అని ఉంటే అది కేఎమ్ఎస్. మీరు కొన్నది సొంత ల్యాప్‌టాప్, మీకు కంపెనీ సర్వర్ లేదు, అయినా అక్కడ తేదీ కనిపించిందంటే ఎవరో క్రాక్ చేశారన్నమాట. అంతకంటే వివరణ ఏమీ అక్కర్లేదు.

అదే కమాండ్‌లో ఎక్స్‌పీఆర్ బదులు డీఎల్‌వీ అని కొడితే ఇంకా వివరంగా వస్తుంది. లైసెన్స్ ఛానెల్ ఓఈఎమ్మా, రిటైలా, వాల్యూమా అన్నది, కీలో చివరి అయిదు అక్షరాలు, కేఎమ్ఎస్ అయితే ఏ సర్వర్‌ని అడుగుతోందో ఆ పేరు కూడా. మావాడి దాంట్లో గడువు ముగిసింది కాబట్టి ఎక్స్‌పీఆర్ నోటిఫికేషన్ మోడ్ అని చెప్పింది. డీఎల్‌వీ మాత్రం దొంగని పట్టించింది. ఛానెల్ దగ్గర వాల్యూమ్ కేఎమ్ఎస్ క్లయింట్, కీ చివర టీ83జీఎక్స్. విండోస్ 10, 11 ప్రోకి కేఎమ్ఎస్ క్లయింట్ కీ అది. దొంగతనంగా సంపాదించిందేమీ కాదు, మైక్రోసాఫ్టే తన డాక్యుమెంటేషన్‌లో అందరికీ కనపడేలా పెట్టింది. సర్వర్ లేకుండా దాంతో ఉపయోగం లేదు కాబట్టి దాచాల్సిన పనిలేదు. షాపులో చేసిందల్లా ఆ కీ వేసి, మెషీన్‌లోనే ఒక దొంగ కేఎమ్ఎస్ సర్వర్‌ని నడిపే టూల్ పెట్టడం.

మరి ఏడో నెలలో ఎందుకు ఆగింది? ఆ టూల్ ఒక షెడ్యూల్డ్ టాస్క్ పెట్టుకుని ఎప్పటికప్పుడు 180 రోజుల్ని రెన్యూ చేస్తూ ఉంటుంది. విండోస్ డిఫెండర్ ఒక అప్‌డేట్ తర్వాత దాన్ని హ్యాక్‌టూల్ అని గుర్తించి తీసేసింది. రెన్యూ చేసేవాడు పోయాడు, 180 రోజులు గడిచాయి, వాటర్‌మార్క్ వచ్చింది. యాంటీవైరస్ ఆపాలనడం కూడా ఇందుకే. డిఫెండర్‌లో ఎక్స్‌క్లూజన్స్ అనే లిస్ట్ తెరిచి చూస్తే షాపువాళ్లు ఇదివరకే ఒక ఫోల్డర్‌ని అందులో పెట్టి ఉంచారు. అంటే ఆ ఫోల్డర్‌లో ఏం జరిగినా డిఫెండర్ చూడదు.

ఇది ఊరికే లైసెన్స్ గొడవ కాదు. 2021 డిసెంబర్‌లో రెడ్ కెనరీ అనే సెక్యూరిటీ సంస్థ ఒక రిపోర్ట్ ఇచ్చింది. కేఎమ్ఎస్‌పికో అనే పాపులర్ యాక్టివేటర్ పేరుతో తిరుగుతున్న ఇన్‌స్టాలర్లలో క్రిప్ట్‌బాట్ అనే మాల్వేర్ ఉందని, అది బ్రౌజర్లలో సేవ్ చేసిన సమాచారాన్ని, క్రిప్టో వాలెట్లని దోచుకుంటుందని అందులో ఉంది. తమ్ముడి క్రోమ్‌లో బ్యాంక్ లాగిన్ ఉంది, కాలేజీ పోర్టల్ ఉంది, జాబ్ సైట్ల పాస్‌వర్డ్‌లన్నీ ఉన్నాయి. అన్నీ ఇంకో మెషీన్ నుంచి మార్పించాను.

ఇంతకీ అసలు విషయం ఇది. ఆ ల్యాప్‌టాప్ ఫర్మ్‌వేర్‌లో విండోస్ 10 ప్రో కీ మొదటి నుంచీ ఉంది! పవర్‌షెల్‌లో గెట్-సిమ్ఇన్‌స్టెన్స్ కమాండ్‌తో సాఫ్ట్‌వేర్‌లైసెన్సింగ్‌సర్వీస్ అనే క్లాస్‌ని అడిగి, ఓఏ3ఎక్స్‌ఒరిజినల్‌ప్రొడక్ట్‌కీ అనే ప్రాపర్టీ చూస్తే మొత్తం 25 అక్షరాలు కనిపించాయి. కంపెనీలు కొని, మూడు నాలుగేళ్లు వాడి అమ్మేసిన బిజినెస్ ల్యాప్‌టాప్‌లలో చాలావాటిలో ఇలాగే ఉంటుంది. షాపుల్లో ఒకే క్రాక్డ్ ఇమేజ్‌ని వరసపెట్టి అన్ని మెషీన్లకూ ఎక్కించేస్తారు, లోపల ఉన్న సొంత కీని ఎవరూ చూడరు. మావాడు తన దగ్గర ఆల్రెడీ ఉన్న లైసెన్స్‌కి డబ్బు కట్టి దొంగ లైసెన్స్ తెచ్చుకున్నాడన్నమాట.

ఇలాంటి మెషీన్‌లో కీ మార్చి వదిలేయొచ్చు, కానీ నేను వదలను. క్రాక్ టూల్ నడిచిన ఇన్‌స్టలేషన్‌ని నమ్మే ప్రసక్తే లేదు. డేటా మాత్రం బయటికి తీసి, ఇంకో కంప్యూటర్‌లో మైక్రోసాఫ్ట్ సైట్ నుంచి మీడియా క్రియేషన్ టూల్‌తో పెన్‌డ్రైవ్ తయారుచేసి, పాత పార్టిషన్లన్నీ డిలీట్ చేసి మొదటి నుంచి ఇన్‌స్టాల్ చేశాం. ఇన్‌స్టాలర్ ఎడిషన్ అడగలేదు, కీ అడగలేదు. వైఫై కలపగానే యాక్టివేట్ అయింది. ఎక్స్‌పీఆర్ కొడితే పర్మనెంట్. ఖర్చు సున్నా, ఒక ఆదివారం మధ్యాహ్నం పోయింది.

అన్ని మెషీన్లకూ ఈ అదృష్టం ఉంటుందని కాదు. ఫర్మ్‌వేర్‌లో ఉన్నది విండోస్ 8 కీ అయితే ఇప్పుడు కష్టం. విండోస్ 7, 8 కీలతో కొత్త విండోస్‌ని యాక్టివేట్ చేసుకునే దారిని మూసేశామని 2023 సెప్టెంబర్‌లో మైక్రోసాఫ్ట్ ప్రకటించింది. ఆ కీలతో అంతకుముందే విండోస్ 10కి మారి డిజిటల్ లైసెన్స్ పొందిన మెషీన్లకు ఇబ్బంది లేదు. పాత యూట్యూబ్ వీడియోలు చూసి విండోస్ 7 స్టిక్కర్ కోసం స్క్రాప్ షాపులకు తిరగకండి.

ఎర్రర్ కోడ్ ఏమంటోంది?

కోడ్‌లన్నీ బట్టీ పట్టక్కర్లేదు. మళ్లీ ఆ రెండు మెట్ల లెక్కతోనే చూడండి. చివర ఎఫ్050 అని వస్తే మొదటి మెట్టు, కీయే తేడా. టైపింగ్ తప్పైనా కావచ్చు, వేరే ఎడిషన్ కీ అయినా కావచ్చు. హోమ్ ఇన్‌స్టలేషన్‌కి ప్రో కీ, ప్రోకి హోమ్ కీ పెట్టడం వల్లే మనవాళ్లకు ఎక్కువ తలనొప్పులు. ఫర్మ్‌వేర్‌లో హోమ్ కీ ఉన్న ల్యాప్‌టాప్‌లో మీరు ప్రో కొనుక్కుని ఫార్మాట్ చేస్తే, ఇన్‌స్టాలర్ మిమ్మల్ని అడక్కుండా హోమ్ వేసేస్తుంది. కంగారుపడొద్దు. సెట్టింగ్స్‌లో సిస్టమ్, అందులో యాక్టివేషన్‌కి వెళ్లి ఛేంజ్ ప్రొడక్ట్ కీ దగ్గర మీ ప్రో కీ ఇస్తే అదే పైకి ఎక్కుతుంది.

సీ008 అంటే కీ మంచిదే, కానీ అనుమతించిన దానికంటే ఎక్కువ మెషీన్లలో వాడేశారు. మీదే రిటైల్ కీ అయితే పాత పీసీలో ఎస్ఎల్ఎమ్‌జీఆర్‌కి యూపీకే కలిపి తీసేసి, కొత్తదాంట్లో మళ్లీ ప్రయత్నించండి, కాకపోతే సపోర్ట్‌తో మాట్లాడండి. సీ003 అంటే సర్వర్ దాన్ని బ్లాక్ చేసింది. ఆ కీతో ఎన్నిసార్లు ప్రయత్నించినా అంతే, అమ్మినవాణ్ని పట్టుకోవడమే. ఎఫ్074 అంటే కేఎమ్ఎస్ సర్వర్ దొరకలేదని. ఆఫీస్ ల్యాప్‌టాప్‌కి వస్తే వీపీఎన్ చూడండి, సొంత ల్యాప్‌టాప్‌కి వస్తే పైన మా తమ్ముడి కథ మళ్లీ చదవండి. ఎఫ్211 అంటే హార్డ్‌వేర్ మారిందని.

వీటన్నిటికంటే ముందు ఒక్కసారి గడియారం చూడండి. సీమాస్ బ్యాటరీ చచ్చిపోయిన పాత డెస్క్‌టాప్‌లో తేదీ ఎక్కడికో వెనక్కి పోయి ఉంటుంది. తేదీ తప్పైతే సర్వర్‌తో సెక్యూర్ కనెక్షనే కుదరదు. తేదీ సరిచేసి, ఎస్ఎల్ఎమ్‌జీఆర్‌కి ఏటీఓ కలిపి కొడితే మళ్లీ యాక్టివేషన్ ట్రై చేస్తుంది.

మదర్‌బోర్డ్ మారితే

ర్యామ్ మార్చినా, ఎస్ఎస్‌డీ మార్చినా మామూలుగా ఏమీ కాదు. మదర్‌బోర్డ్ మారితే మాత్రం విండోస్ దృష్టిలో అది కొత్త కంప్యూటర్. రిటైల్ లైసెన్స్ ఉన్నవాళ్లు బోర్డ్ మార్చేముందే మైక్రోసాఫ్ట్ అకౌంట్‌తో సైన్ ఇన్ అవ్వాలి. యాక్టివేషన్ పేజీలో మీ అకౌంట్‌కి లింక్ అయిందని కనిపించాలి. తర్వాత ట్రబుల్‌షూటర్‌లో హార్డ్‌వేర్ మార్చాను అనే ఆప్షన్‌తో తెచ్చుకోవచ్చు.

ల్యాప్‌టాప్ బోర్డ్‌ని కంపెనీ సర్వీస్ సెంటర్‌లో మార్పిస్తే కొత్త బోర్డ్ ఫర్మ్‌వేర్‌లో కీ రాసి ఇవ్వడం వాళ్ల పని. మెషీన్ తీసుకునేటప్పుడే, కౌంటర్ దగ్గరే ఎక్స్‌పీఆర్ కొట్టి చూసి సంతకం పెట్టండి. బోర్డ్ మారాక బూట్‌లో నీలం స్క్రీన్ మీద 48 అంకెల కీ అడిగితే అది ప్రొడక్ట్ కీ కాదు, బిట్‌లాకర్ రికవరీ కీ. రెండిటినీ కలిపేసి విండోస్ కీ కొనుక్కొచ్చినవాళ్లు ఉన్నారు. బిట్‌లాకర్ కీ సాధారణంగా మీ మైక్రోసాఫ్ట్ అకౌంట్‌లో ఉంటుంది. అది లేకపోతే మాత్రం డేటా గోవిందా, కాబట్టి సర్వీస్‌కి ఇచ్చేముందే చూసి రాసుకోండి.

ఐదొందల కీ సంగతి

అసలు ధర వేలల్లో ఉంటే ఆన్‌లైన్‌లో ఐదొందలకే కీ ఎలా వస్తుంది? చాలావరకు ఏదో కంపెనీ ఎమ్ఏకే కీలో మిగిలిన కౌంట్‌ని ముక్కలు చేసి అమ్మడమో, స్క్రాప్ మెషీన్ల ఓఈఎమ్ కీలో, డెవలపర్ సబ్‌స్క్రిప్షన్ కీలో అయ్యుంటాయి. యూరప్‌లో వాడేసిన సాఫ్ట్‌వేర్ లైసెన్స్‌ని మళ్లీ అమ్ముకోవచ్చని 2012లో అక్కడి కోర్టు ఒరాకిల్ కేసులో చెప్పింది. అమ్మేవాళ్లు ఆ తీర్పునే చూపిస్తారు. కానీ ఆ తీర్పులోనే అమ్మినవాడు తన కాపీని వాడకుండా చేయాలని ఉంది, గుత్తగా కొన్న లైసెన్స్‌ని ముక్కలు చేసి అమ్మకూడదని కూడా ఉంది. ఈ కీలు ఈ రోజు పనిచేస్తాయి. ఎప్పుడు బ్లాక్ అవుతాయో కొన్నవాడికీ తెలీదు, అమ్మినవాడికీ తెలీదు. నా ఉద్దేశంలో దానికి పెట్టే ఐదొందలు కూడా దండగే. కాలేజీ మెయిల్ ఐడీ ఉంటే ముందు మీ ఐటీ సెల్‌ని అడగండి. మైక్రోసాఫ్ట్ ఎడ్యుకేషన్ ప్రోగ్రామ్‌లో కాలేజీ ఉంటే మీకు రావాల్సినవి అక్కడే దొరకొచ్చు.

కొత్త ల్యాప్‌టాప్ కొన్నవాళ్లకు ఇంకో మాట. డబ్బా మీద ఆఫీస్ హోమ్ అండ్ స్టూడెంట్ అని ఉంటే, అది మొదట ఏ మైక్రోసాఫ్ట్ అకౌంట్‌తో యాక్టివేట్ చేస్తే ఆ అకౌంట్‌కే శాశ్వతంగా అంటుకుపోతుంది. షాపు కుర్రాడు హడావిడిలో ఏదో ఐడీ సృష్టించి "అయిపోయింది సార్, వర్డ్ ఓపెన్ అవుతోంది" అంటాడు. రెండేళ్ల తర్వాత ఫార్మాట్ చేసినప్పుడు ఆ ఐడీ ఏంటో వాడికీ గుర్తుండదు, మీకూ తెలీదు. అలాగని తర్వాత చూద్దాంలే అని వదిలేసినా పోతుంది. విండోస్ యాక్టివేట్ అయిన 180 రోజుల్లోపు ఆఫీస్‌ని యాక్టివేట్ చేసుకోవాలి, దాటితే ఆఫర్ ముగిసిందని చూపిస్తుంది. సీల్ ఓపెన్ చేసిన రోజే ఇంటి దగ్గర, మీ సొంత మెయిల్‌తో, మీ చేత్తో చేసుకోండి. ఇప్పటికే కొని ఆరు నెలలు దగ్గరపడుతున్నవాళ్లు ఈ రాత్రే వర్డ్ ఒకసారి తెరిచి, అకౌంట్ దగ్గర ఎవరి మెయిల్ ఉందో చూడండి.